పెద్దింటి టీ తాగుతూ పెద్దింటి లెక్కలు రాయడం ఎలా?

ఇంగ్లండ్ నుంచి ఒక పాఠకురాలు ఆరు పేజీల ఉత్తరం పంపారు. పేరూ ఊరూ వేయొద్దన్నారు. గుర్తుపట్టే వీలున్న ఒకటి రెండు వివరాలు నేనే తీసేశాను. మిగతా సంగతి క్లుప్తంగా ఇదీ.

ఆమెకు ఇరవై తొమ్మిదేళ్ళు. సొంతూరు విజయనగరం దగ్గర. తాత ముత్తాతలు జమీందారీలో రైతులు. నాలుగేళ్ళుగా అక్కడ యూనివర్సిటీలో పీహెచ్‌డీ చేస్తున్నారు. 1820ల నుంచి ఇరవై నాలుగేళ్ళు ఒక కౌంటీకి (మన జిల్లా లాంటిది) పార్లమెంటు సభ్యుడిగా ఉన్న ఓ స్క్వైర్ జీవితం మీద పరిశోధన. స్క్వైర్ అంటే లార్డు బిరుదు లేకుండా, భూమితోనూ ఇంటి పేరుతోనూ ఊరినంతా నడిపించే పల్లెటూరి పెద్దమనిషి. ఆయన ఉత్తరాలు, ఎస్టేట్ లెక్కలు ఇంకా ఆ ఇంట్లోనే పెట్టెల్లో ఉన్నాయి. ఇంటి యజమాని ఆయన వంశంవాడే. ఎనభై మూడేళ్ళవాడు, భార్య పోయింది, కూతురు ఎక్కడో దూరదేశంలో ఉంటుంది.

ఈవిడ వారానికి రెండు రోజులు బస్సులో వెళ్తే పెద్దాయన పాత కారు వేసుకుని బస్టాప్ దాకా వస్తాడు. పదకొండింటికి టీ, తన చేత్తో చేసిన నారింజ మార్మలేడ్ రాసిన టోస్టు. చలికాలం ఆమె వేళ్ళు కొంకర్లు పోవడం చూసి గదిలోకి కొత్త హీటరు కొన్నాడు. "మా నాన్న తర్వాత ఈ బల్ల దగ్గర కూర్చున్నది నువ్వే" అన్నాడట. అయితే మొదటి రోజే ఒక కాగితం మీద సంతకం పెట్టించుకున్నాడు: ఈ కాగితాల్లోంచి ఏ వాక్యం ఎత్తి రాయాలన్నా కుటుంబం అనుమతి కావాలి.

కిందటి నవంబరులో ఆమెకు స్టీవార్డ్ రాసిన కౌలు పద్దుల పుస్తకం దొరికింది. స్టీవార్డ్ అంటే మన దివాణంలో దివాన్‌జీ లాంటివాడు. 1835 జనవరి ఎన్నికల్లో ఎస్టేట్ కౌలుదారుల్లో ముప్పై ఒక్క మందికి ఓటుంది. అప్పట్లో ఓటు బహిరంగమే, ఎవరు ఎవరికి వేశారో అచ్చేసిన పుస్తకమే పోల్ బుక్. దాని ప్రకారం ఇరవై ఎనిమిది మంది దొరవారు చెప్పినట్టే వేశారు. ముగ్గురు అవతలి పక్షానికి వేశారు. పద్దుల పుస్తకంలో సరిగ్గా ఆ ముగ్గురి పేర్ల పక్కన ఎర్ర సిరాతో చిన్న ఇంటూ గుర్తు. మార్చిలో ముగ్గురికీ భూమి వదిలిపొమ్మని నోటీసు. ముగ్గురిలో ఒకరి ఇంటిపేరూ, ఇప్పుడు ఊళ్ళో కొట్టు నడుపుతున్నావిడ ఇంటిపేరూ ఒకటే.

ఈవిడ సంబరంగా వెళ్ళి పెద్దాయనకు చెప్పారు. ఆయన కప్పు కింద పెట్టి చాలాసేపు కిటికీలోంచి చూశాడు. "అది రాయక్కర్లేదేమో. నేను ఉన్నన్నాళ్ళూ వద్దు" అన్నాడు. మరుసటి వారం మళ్ళీ మామూలే. వెళ్ళేటప్పుడు ఒక సీసా మార్మలేడ్ చేతిలో పెట్టాడు కూడా. మే నెలలో ఊరి చర్చిలో ఆ పూర్వీకుడి పేర ఫలకం పెడుతున్నారు, దాని కోసం వేసే చిన్న పుస్తకానికి "రైతుల మిత్రుడు" అనే శీర్షికతో రెండు పేజీలు రాసిమ్మన్నాడు.

గైడ్ ఏమో "నీ థీసిస్‌కి ప్రాణం ఇదే" అంటున్నారు. నాన్నగారు ఫోన్‌లో "ఉప్పు తిన్న ఇంటి గుట్టు బయటపెట్టకూడదమ్మా" అంటున్నారు. తోటి పరిశోధకుడొకడు "మీ దేశం వాళ్ళకి మా జమీందార్ల మీద కసి ఉంటుందిలే" అని నవ్వాడట. సెప్టెంబరుతో స్కాలర్‌షిప్ ఆఖరు. "రాస్తే కృతఘ్నురాలిని, రాయకపోతే దొంగని. నిద్ర పట్టడం లేదు. ఏం చేయమంటారు?" అని అడిగారు.

తల్లీ, మీ ఆరు పేజీల్లో ఒకటిన్నర పేజీ హీటరు గురించీ మార్మలేడ్ గురించీ ఉంది. అక్కడే మొదలుపెడతాను, ఎందుకంటే మీ థీసిస్‌లో ఈ ఎన్నికల అధ్యాయానికి కావలసిన ముడిసరుకు ఆ ఒకటిన్నర పేజీలోనే ఉందని నాకనిపిస్తోంది.

స్క్వైరుగారి కౌలుదార్లలో ఇరవై ఎనిమిది మంది ఆయన చెప్పినట్టు ఎందుకు వేశారు? భయంతోనేనా? కొందరు భయంతోనే అయ్యుండొచ్చు. ఎక్కువ మందికి మాత్రం భయం దాకా పోవలసిన పనే ఉండేది కాదు. పంట పోయిన ఏడు కౌలులో కొంత వదిలేసిన దొర ఆయనే. కొట్టం కూలితే కలప ఇప్పించింది ఆయనే. కౌలు కట్టే రోజున అందరినీ కూర్చోబెట్టి మాంసం, బీరు పెట్టించింది ఆయనే. పోలింగు నాడు స్టీవార్డ్ ముందు గుర్రం మీద వెళ్తుంటే వెనకాల టోపీలకు రంగు రిబ్బన్లు కట్టుకుని బారుగా వెళ్ళడం వాళ్ళకు పరువు తక్కువగా తోచలేదు, గర్వంగానే ఉండేది. దీనికి అక్కడి పెద్దమనుషులు పెట్టుకున్న పేరు "ఆస్తికి ఉండే న్యాయమైన పలుకుబడి". బెదిరింపు వేరు, పలుకుబడి వేరు అని వాళ్ళు నిజంగానే నమ్మారు.

ఇప్పుడు మీ సంగతి చూసుకోండి. బస్టాప్‌కి కారు, హీటరు, టీ, ఒక సంతకం. ఏదో ఒకనాడు మృదువుగా "వద్దేమో" అని ఒక మాట. ఆయన మిమ్మల్ని బెదిరించలేదు. మీకు గొంతు పట్టుకున్నట్టయింది, నిద్ర పోయింది. అతను కపటి అనడం లేదు నేను. ఆ మార్మలేడ్ ప్రేమతో ఇచ్చిందే, అందులో నాకు ఏ సందేహమూ లేదు. ఆయన ముత్తాతగారు పెట్టించిన మాంసం, బీరు కూడా చాలామటుకు అలాంటివే. మీకు కలిగిన ఈ ఇబ్బంది పేరేమిటో 1835లో ఆ ముగ్గురికీ బాగా తెలుసు. ఆ ఇరవై ఎనిమిది మందికీ తెలుసు. వాళ్ళను గొర్రెల మంద అని రాసేయకుండా ఉండటానికి మీకున్నంత వీలు ఇంకెవరికీ ఉండదు.

ఇక ఆ ఎర్ర గుర్తు దగ్గరికి వద్దాం. మీ గైడ్‌కూ మీకూ కూడా కొంచెం తొందర ఎక్కువైందేమోనని నా అనుమానం. ఎన్నికలు జనవరిలో, నోటీసులు మార్చిలో, కాబట్టి ఓటు వల్లే నోటీసు అని మీరు రాశారు. కావచ్చు. కానీ ఏడాది కౌలు మీద ఉన్నవాణ్ణి లేపాలంటే అక్కడ ఆరు నెలల ముందు చెప్పాలి. కౌలు గడువులు మార్చి 25న లేడీ డే, సెప్టెంబరు 29న మైఖేల్‌మస్. మైఖేల్‌మస్‌కి భూమి ఖాళీ చేయించాలంటే ఎవరైనా, ఏ కారణానికైనా, మార్చిలోనే నోటీసు ఇస్తారు. పైగా 1835 గోధుమ రైతుకు చాలా చెడ్డ ఏడు. ఆ ఏడు సగటు ధర క్వార్టరుకి (అప్పటి ధాన్యం కొలత) 39 షిల్లింగుల 4 పెన్నీలకు పడిపోయింది. రైతుల ఇక్కట్ల మీద పార్లమెంటు 1833లో ఒక కమిటీ, 1836లో మళ్ళీ ఒక కమిటీ వేయాల్సి వచ్చింది. అంటే ఆ ముగ్గురూ కౌలు బకాయి పడి ఉండే అవకాశం గట్టిగా ఉంది. ఎర్ర ఇంటూ గుర్తు బకాయి గుర్తేమో! 1833, 1834 పద్దుల్లో అదే సిరాతో అలాంటి గుర్తులు ఉన్నాయా? ఉంటే ఎవరి పేర్ల పక్కన? బకాయి ఉండి కూడా దొరవారికి ఓటేసినవాడికి నోటీసు వెళ్ళిందా, లేదా? ఈ చివరి ప్రశ్నకు జవాబు దొరికితే మీ అధ్యాయం తేలినట్టే. బకాయిదారుల్లో చెప్పినట్టు విన్నవాళ్ళను ఉంచి, విననివాళ్ళను మాత్రం లేపితే ఇంక వాదనే అక్కర్లేదు.

ఇంకొకటి. ఇద్దరు సభ్యులున్న కౌంటీలో ఓటరుకి రెండు ఓట్లు. చాలా చోట్ల దొరవారు "ఒకటి నాకు, రెండోది నీ ఇష్టం" అనేవాళ్ళు, అలా అనడం మర్యాద కింద లెక్క. మీ ముగ్గురూ ఒక ఓటు ఆయనకు వేసి రెండోది అవతలివాడికి వేశారా, లేక ఆయనకు అసలు వేయనే లేదా? మీ ఉత్తరంలో "అవతలి పక్షానికి వేశారు" అని మాత్రమే ఉంది. పోల్ బుక్ మళ్ళీ చూడండి. రెండో ఓటుకే శిక్ష పడి ఉంటే ఆ కథ రంగే వేరు.

ఆ తోటి పరిశోధకుడి వెటకారం గురించి రెండు మాటలు చెప్పాలని ఉంది. ఇది మీ అసలు ప్రశ్న కాదు గానీ, మీరు చదువుతున్న ఆ తరహా ఇళ్ళకూ మన జిల్లాలకూ సంబంధం లేదని ఎవరైనా అంటే నాకు నవ్వొస్తుంది. సర్ థామస్ రంబోల్డ్ సంగతి మీకు తెలిసే ఉంటుంది, పాఠకుల కోసం చెబుతున్నాను. ఈస్టిండియా కంపెనీ కొలువులో డబ్బు చేసుకుని ఇంగ్లండ్ తిరిగెళ్ళి, 1774లో షాఫ్ట్స్‌బరీ అనే చిన్న పట్నం నుంచి పార్లమెంటుకు నిలబడ్డాడు. అక్కడ పంచ్ అనే బొమ్మలాట విదూషకుడి వేషం వేసుకున్న మనిషి తలుపు కన్నంలోంచి ఓటరుకి ఇరవై గినీలు (బంగారు నాణేలు) అందించాడు. ముఖం కనబడకపోతే లంచం ఇచ్చినవాడెవరో చెప్పలేరుగా, అదీ తెలివి. ఆ ఎన్నిక కొట్టేశారు. 1778లో అదే పెద్దమనిషి మద్రాసు గవర్నరుగా వచ్చి, ఉత్తర సర్కార్ల జమీందార్లను లెక్కలు తేల్చుకోవడానికి మద్రాసు రమ్మన్నాడు. మీ విజయనగరం సంస్థానం వ్యవహారం అందులో పెద్దది. ఇదీ, ఇలాంటి మరికొన్ని వ్యవహారాల మీదా తర్వాత కంపెనీ అతన్ని తీసేసింది, పార్లమెంటు విచారణ పెట్టింది, చివరికి 1783లో వదిలేసింది. హెర్ట్‌ఫర్డ్‌షైర్‌లో అతను కట్టించుకున్న వుడ్‌హాల్ పార్క్ ఇప్పటికీ ఉంది. అతని తర్వాత దాన్ని కొన్నది పాల్ బెన్‌ఫీల్డ్, ఆర్కాట్ నవాబుకు అప్పులిచ్చి కోట్లకు పడగలెత్తినవాడు, అతనూ పార్లమెంటు సభ్యుడే. మద్రాసు డబ్బు ఒక తరంలో హెర్ట్‌ఫర్డ్‌షైర్ పెద్దరికం అయిపోయింది. తర్వాత 1802లో మన వైపు జమీందారీలకు శాశ్వత పేష్కషు (కంపెనీకి ఏటా కట్టాల్సిన, ఎప్పటికీ మారని మొత్తం) కట్టినప్పుడు కంపెనీ దొరల మనసులో ఉన్న నమూనా ఏమిటి? ఊళ్ళో ఉండి భూమిని బాగుచేసే ఇంగ్లీషు స్క్వైరే. నమూనా అక్కడిది, ఫలితం మీ తాతగారు అనుభవించినది. మీరు ఈ విషయం మీద రాయడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. కసి ఉందా లేదా అన్నది మీ పద్దులు చూసి చెప్పాలి, మీ పాస్‌పోర్టు చూసి కాదు.

"రైతుల మిత్రుడు" అన్న మాట మీద మీకు చాలా కోపంగా ఉన్నట్టుంది. నేను కొంచెం స్క్వైరుగారి తరఫున మాట్లాడతాను, తప్పుగా అనుకోవద్దు. ఆ మనిషి ఏమీ సంపాదించుకోలేదు పార్లమెంటులో. కౌంటీ సభ్యుడు కావాలంటే ఏటా 600 పౌండ్ల ఆస్తి ఆదాయం ఉండాలని 1711లో పెట్టిన రూలు 1858 దాకా ఉంది. సభ్యులకు జీతం 1911లో గానీ రాలేదు, అది కూడా ఏడాదికి 400 పౌండ్లు. ఎన్నికకు నిలబడితే సొంత డబ్బు నీళ్ళలా పోతుంది. 1807లో యార్క్‌షైర్‌లో ఇద్దరు అభ్యర్థులు చెరో లక్ష పౌండ్ల దాకా ఖర్చు పెట్టారు. అందుకే చాలా కౌంటీల్లో పెద్ద కుటుంబాలు ముందే కూర్చుని నీకొకటి నాకొకటి అని పంచుకుని పోటీ లేకుండా చేసుకునేవి. ఏటా మొదటి నెలల్లో లండన్ వెళ్ళడం, ఆ పొగలో ఎండాకాలం దాకా ఉండటం, మనసంతా ఇంటి దగ్గర ఈనబోయే ఆవు మీదా, వేట కుక్కల మీదా. ఇరవై నాలుగేళ్ళలో మీవాడు మూడుసార్లు నోరు విప్పాడని రాశారు. వాళ్ళలో చాలామంది అంతే. అలాగని కొయ్యబొమ్మలు కారు. 1816లో యుద్ధం అయిపోయాక కూడా ఆదాయపు పన్ను ఉంచుదామని ప్రభుత్వం చూస్తే, ఇలాంటి మాట్లాడని పెద్దమనుషులే వెనక బెంచీల నుంచి లేచి 201కి వ్యతిరేకంగా 238 ఓట్లతో ఓడించారు. పదవి అడగనివాణ్ణి మంత్రులు ఏం చేయగలరు!

మీవాడు 1846లో ధాన్యం చట్టాల రద్దుకు వ్యతిరేకంగా వేసిన 229 మందిలో ఒకడు. 1815 చట్టం ప్రకారం దేశంలో గోధుమ క్వార్టరు 80 షిల్లింగులకు చేరేదాకా విదేశీ గోధుమను రానివ్వలేదు, తర్వాత కొంచెం సడలించారు, చివరికి ప్రధానమంత్రి పీల్ తన సొంత పార్టీనే చీల్చుకుని ఎత్తేయించాడు. చౌక గోధుమ వస్తే కౌలు రైతు మునుగుతాడని స్క్వైరుగారు నమ్మారు. కౌలు రైతులూ అదే నమ్మి అర్జీలు పెట్టుకున్నారు. ఆ లెక్కన ఆయన వాళ్ళ మిత్రుడే. పొలంలో కూలి చేసి రొట్టె కొనుక్కునేవాడి లెక్క వేరు, కానీ అతనికి ఓటు లేదు, ఫలకాల మీద అతని తరఫున రాసేవాళ్ళూ లేరు. నేను చెప్పేదేమిటంటే, "రైతుల మిత్రుడు" అబద్ధం అని కొట్టేయకండి. ఆ ముగ్గురినీ లేపింది, మిగతా ఇరవై ఎనిమిది మందికీ కలప ఇప్పించిందీ ఒకే చెయ్యి అయితే, ఆ చేతి గురించే కదా మీరు రాయవలసింది.

ఇప్పుడు, ఏం చేయొచ్చు?

వదిలేయొచ్చు. దాన్ని పిరికితనం అని నేననను. ఎనభై మూడేళ్ళ మనిషి మనసు కష్టపెట్టకూడదనుకోవడం చిన్న విషయమేమీ కాదు. థీసిస్ బహుశా పాసవుతుంది. కానీ పోల్ బుక్ అచ్చులో ఉన్న పుస్తకం, అది మీ ఒక్కరి సొత్తు కాదు. వైవాలో ఎదురుగా కూర్చున్న పరీక్షకుడు "ఈ ముగ్గురూ ఎవరమ్మా, తర్వాత ఏమయ్యారు?" అని అడిగితే మీరేం చెబుతారో ఇప్పుడే ఒకసారి గట్టిగా అనుకుని చూడండి. ఆ జవాబు మీ చెవికి ఎలా వినిపిస్తుందో దాన్ని బట్టి మీకే తెలుస్తుంది. గైడ్‌కి ఇప్పటికే తెలుసు కాబట్టి ఆవిడతో సంబంధం కూడా కొంత బిగుసుకుంటుంది.

ఆయనకు చెప్పకుండా రాసేయొచ్చు. చట్టం మీరు అనుకున్నంత మీ వైపూ లేదు, ఆయన వైపూ లేదు. ఇంగ్లండ్‌లో ఒక విడ్డూరం ఉంది: ఎప్పుడూ అచ్చుకాని పాత రాతలకు, రాసినవాడు ఏ 1850లో పోయినా సరే, 2039 ఆఖరు దాకా కాపీరైట్ ఉంటుంది. అయితే అది వాక్యాలకే, సంగతులకు కాదు. యూనివర్సిటీలో ఇలాంటివి చూసేవాళ్ళు ఉంటారు, వాళ్ళతో ఒకసారి రూఢి చేసుకోండి. సంగతిని చాలామటుకు బయటి రికార్డుల్లోంచే కట్టొచ్చు. 1835 పోల్ బుక్‌లో ఫలానా పేరు, ఫలానా ఓటు. టైత్ అంటే పంటలో చర్చికి కట్టే పదో వంతు; 1836 చట్టం తర్వాత చాలా ఊళ్ళకు తయారైన టైత్ మ్యాపుల్లో, వాటితో ఉండే పట్టీల్లో ప్రతి చెక్కా ఎవరిది, ఎవరు సాగు చేస్తున్నారు అని రాసి ఉంటుంది. లండన్‌లో క్యూ (Kew) అనే చోట ఉన్న జాతీయ ఆర్కైవ్స్‌లో ఎవరైనా చూడొచ్చు. ఆ మ్యాపులో మీ ముగ్గురి పొలాల్లో వేరేవాళ్ళ పేర్లుంటే? 1841 జనాభా లెక్కల్లో ఆ ముగ్గురూ ఇంకెక్కడో కూలీలుగా కనిపిస్తే? సంగతి సగం పైగా నిలబడుతుంది. ఎర్ర గుర్తు ఒక్కటే ఆ ఇంటిది. కానీ సంతకం చేశారు. చట్టం సంగతి ఎలా ఉన్నా అది మీ మాట. పైగా ఇలాంటి ఇళ్ళకు తలుపు తెరవాలన్న బాధ్యత ఏమీ లేదు. మీరు చెప్పకుండా వేసిన మర్నాడు పెట్టెలకు తాళం పడుతుంది, మీ తర్వాత వచ్చే పిల్ల బస్టాప్‌లోనే నిలబడాలి.

థీసిస్ పాసయ్యాక కొన్నేళ్ళు బయటికి రాకుండా ఆపమని యూనివర్సిటీని అడగొచ్చు, చాలా చోట్ల ఒప్పుకుంటారు. "నేను ఉన్నన్నాళ్ళూ వద్దు" అన్న మాటకు ఇది సరిగ్గా సరిపోయినట్టు కనిపిస్తుంది. నాకైతే ఈ దారి నచ్చలేదు. టీ పోస్తున్న మనిషి ఆయుష్షుకీ మీ పుస్తకానికీ ముడి పెట్టుకుని ప్రతి శీతాకాలం ఆయన దగ్గు వింటూ కూర్చోవడం మంచి స్థితి కాదు. ఉద్యోగం వెతుక్కునే వేళ చేతిలో చూపించడానికి అసలైన అధ్యాయం లేకపోవడం ఇంకో నష్టం. అయినా ఆయన మరీ పట్టుబడితే ఇది ఉండనే ఉంది.

ఇక నాలుగోది, అధ్యాయం మొత్తం రాసి, ముందుగా ఆయన చేతికే ఇవ్వడం. మీరు నవంబరులో చెప్పింది అధ్యాయం కాదు. "మీ ముత్తాత ముగ్గురిని వెళ్ళగొట్టాడు!" అనే ఒక వార్త, అదీ సంబరంగా. ఆయన కప్పు కింద పెట్టడంలో ఆశ్చర్యం ఏముంది? వదిలేసిన కౌళ్ళు, ఇప్పించిన కలప, గోధుమ ధర, రెండో ఓటు, ఎర్ర గుర్తు అన్నీ వరసలో ఉన్న ముప్పై పేజీలు చదివితే ఆయన ఏమంటాడో ఆయనకూ తెలియదు ఇప్పుడు. అసలు దేనికి భయపడుతున్నాడో మీరు అడిగారా? మీరు పూర్వీకుడి పరువు అనుకుంటున్నారు. నాకేమో ఆ కొట్టు నడిపే ఆవిడ అనిపిస్తోంది. ఎనభై మూడేళ్ళవాడు రోజూ పొద్దున పేపరు కొనుక్కునేది ఆ కొట్లోనేగా! రేపు ఆవిడ ముఖం ఎలా చూడాలన్నదే ఆయన బెంగ అయితే, దానికి మందు వేరు. ఆవిడకు ఆయనే స్వయంగా చెప్పుకునే వీలు మీరు కల్పించగలరు. ఈలోపు మీరు మాత్రం ఆవిడకు చెప్పకండి, ఎంత నోరు దురదపెట్టినా సరే. ఇంటిపేరు ఒకటైనంత మాత్రాన ఆవిడ వాళ్ళ వంశమేనని కూడా ఇంకా తేలలేదు.

ఈ దారిలో ప్రమాదం ఉంది, దాచను. ఆయన చదివి, "కుదరదు" అని కాగితం మీద రాసిస్తే మీ పరిస్థితి ఇప్పటికన్నా ఇరుకున పడుతుంది. అందుకని ఇచ్చేముందే మీరూ గైడూ కూర్చుని, ఆ ఇంటి పద్దుల్లోంచి ఒక్క వాక్యం కూడా ఎత్తి రాయకపోతే ఎంత నిలబడుతుందో చూసుకోండి. అది నిలబడుతుందని తెలిశాక వెళ్తే మీ గొంతు వణకదు. వణికే గొంతుతో వెళ్తే అనుమతి అడిగినట్టుండదు, మన్నించమన్నట్టు ఉంటుంది. కావాలంటే ఆయన అభిప్రాయాన్ని ఆయన మాటల్లోనే ఒక పేరాగా చేర్చుతానని చెప్పండి. అంతకుమించి దిద్దే హక్కు మాత్రం ఇవ్వకండి.

చర్చి పుస్తకం రెండు పేజీలు వేరే విషయం, దీనితో కలపకండి. రాయలేనని చెప్పొచ్చు, థీసిస్ గడువు చక్కటి సాకు. లేదా రాసి, శీర్షిక మీరు పెట్టొచ్చు. 1834 అక్టోబరు 16 రాత్రి పార్లమెంటు భవనం తగలబడితే మరుసటి సమావేశాలకు తాత్కాలిక గదుల్లో ఇరుక్కుని కూర్చున్న ఒక పల్లెటూరి సభ్యుడి గురించి, ఆయన ఇంటికి రాసిన ఉత్తరాల గురించి, రెండు పేజీలు ఏమిటి, పది రాయొచ్చు. ఫలకం పెట్టే రోజున ఆ ముగ్గురి పేర్లు తీయనక్కర్లేదు. అయితే "రైతుల మిత్రుడు" అని మీ పేరు కింద అచ్చయితే, రేపు మీ అధ్యాయం పక్కన ఎవరైనా దాన్ని పెట్టి చూపిస్తారు.

నాన్నగారి మాట ఆఖరికి ఉంచాను. ఆయనతో వాదించకండి, ఒక్కటి గుర్తు చేయండి. మీ ఉత్తరం ఐదో పేజీలో తాతగారి గురించి రాశారు. దివాణం వారి చెరువు, దివాణం వారి సత్రం, దివాణం వారి పెళ్ళి భోజనం అని మురిసిపోతూ చెప్పేవారట. అదే ఊపులో శిస్తు కట్టలేదని అమీనా వచ్చి ఎడ్లజతను జప్తు చేసి తోలుకుపోయిన సంగతీ చెప్పేవారట, ఎడమ ఎద్దు గుమ్మం దగ్గర మొరాయించిందని కూడా. 1948 చట్టంతో జమీందారీలు రద్దయ్యాక కూడా ఆయన రెండూ మానలేదు. ఆ ఇంటి ఉప్పు ఆయన మీకన్నా ఎక్కువే తిన్నారు. ఆయన్ని నాన్నగారు ఎప్పుడైనా కృతఘ్నుడన్నారా?

ముందు 1833, 34 పద్దులు తీసి ఎర్ర సిరా వెతకండి. దొరికిందీ లేనిదీ నాకో ముక్క రాయండి. పెద్దాయన ఇచ్చిన ఆ సీసా ఖాళీ అయితే పారేయకండి, అక్కడివాళ్ళు ఏటా అవే సీసాలు కడిగి వాడుకుంటారు. ఉత్తదిగా మాత్రం తిరిగి ఇవ్వొద్దు. ఇంట్లో నిమ్మకాయ ఊరగాయ ఉంటే కొంచెం కారం తగ్గించి పెట్టివ్వండి.